ఆ ఏడుపు మళ్ళీ చూపించకండి

అధ్యక్షస్థానంలో ఉన్న మా చానల్ పెద్దలకు, నాకు పని నేర్పిన గురువులకు, ఎడిటింగ్ గదిలో ఏసీ చలికి నాతో పాటు వణికిన మిత్రులకు నమస్కారం. ఇన్నేళ్ళూ అందరి మాటలకూ కత్తెర వేసినదాన్ని, ఇవాళ నా మాటకు కత్తెర వేసే నాథుడు లేడు కాబట్టి కాస్త ఓపిక పట్టాలి. (నవ్వులు) మా ఆయన అప్పుడే వాచీ చూసుకుంటున్నారు. ఏమండీ, తొందరేం లేదు, రేపటినుంచి నేను ఇంట్లోనే ఉంటాను, కంగారు అప్పుడు పడుదురుగాని.

నా చేతి మీదుగా వెళ్ళినవాటిలో బాలనటుల మీద తీసిన డాక్యుమెంటరీ అంటే నాకు గర్వం, ఆ మాట చెప్పుకోవడానికి మొహమాటం లేదు. వెండితెర మీద ఏడ్చి మనందరినీ ఏడిపించిన ఒక పాప, పెద్దయ్యాక అందులో అసలు సంగతి చెప్పింది. అది నటన కాదు. వాళ్ళమ్మను మేకప్ గదిలో కూర్చోబెట్టి, "మీ అమ్మ నిన్నొదిలేసి వెళ్ళిపోయింది" అని చెప్పి కెమెరా తిప్పారు. ఇప్పటికీ వాళ్ళమ్మ పక్కగదిలోకి వెళ్తే ఆ అమ్మాయి చేస్తున్న పని ఆపి తలుపు వైపే చూస్తుంది.

అక్కడ ఆ పాత సీను వెయ్యాలని మా డైరెక్టరు పట్టుబట్టాడు. తల దించుకోకు నాయనా, నువ్వంటే నాకిష్టమే. "అక్కా, ఆ ఏడుపు చూస్తేనే జనం కదులుతారు" అన్నాడు. "వాళ్ళు ఏడిపించి అమ్ముకున్నారు, మనం అదే ఏడుపుతో అవార్డు తెచ్చుకుందామా?" అన్నాను. రెండు రోజులు మా మధ్య మాటల్లేవు. చివరికి ఆ సీను తీసేశాం. జనం కదిలారు కూడా.

ఇప్పుడు ఆ డాక్యుమెంటరీని మళ్ళీ ప్రసారం చేస్తున్నారట, ట్రైలరు ఆ ఏడుపుతోనే మొదలవుతోంది. నిన్న చూశాను, ఒళ్ళు మండింది. సన్మానం చేస్తున్నవారిని వేదిక మీద ఇరుకున పెట్టడం మర్యాద కాదని తెలుసు. కానీ రేపు ఎడిటింగ్ గదిలో అడ్డుచెప్పడానికి నేనుండను. సార్, ఏం బహుమతి కావాలో చెప్పమని వారం నుంచి అడుగుతున్నారు. ట్రైలరులోంచి ఆ సీను తీసేస్తామని ఇక్కడే ఒక్కమాట చెప్పండి, చాలు. ఆ అమ్మాయి కూడా వచ్చింది, చివరి వరసలో ఉంది.

(అధ్యక్షులు మైకు అందుకుని, "ఆ అమ్మాయికి అభ్యంతరముందని మాకెవరూ చెప్పలేదండీ" అన్నారు. చివరి వరసలోంచి జవాబు వచ్చింది: "నన్నెవరూ అడగలేదు కదండీ. అప్పుడూ అడగలేదు, ఇప్పుడూ అడగలేదు." అధ్యక్షులు ఆ వరస వైపు తిరిగారు. "తీసేస్తాం తల్లీ" అన్నారు.)

అందరూ విన్నారుగా. నా పదవీ విరమణ ఇప్పుడైంది. మీ అందరికీ ధన్యవాదాలు, నాకిక సెలవు.