తొమ్మిదో వరుస

పోయిన డాక్టరుగారి వ్యాసాలు పుస్తకంగా వస్తున్నాయి. అచ్చాఫీసులో ప్రూఫులు దిద్దుతున్న ముసలాయన కళ్లజోడు పైకి నెట్టి, ఎదురుగా కూర్చున్న డాక్టరుగారి కూతుర్ని పలకరించాడు.

"అమ్మా, పిల్లల గొంతు పూడ్చేసే కంఠసర్పి జబ్బు మీది వ్యాసంలో తప్పు దొర్లింది. మొత్తం పద్నాలుగు మంది పిల్లలన్నారు. పట్టికలో పదమూడు మందే. ఎనిమిది తర్వాత పదికి దూకేశారు. సూక్ష్మజీవుల్ని పట్టిన కళ్లకి ఇది ఆనలేదు చూశారా!"

"తప్పు కాదండీ. తొమ్మిది మా తమ్ముడు."

ముసలాయన పెన్సిల్ కింద పెట్టేశాడు.

"మందు కొత్తది. పనిచేస్తుందో లేదో తేలాలని నాన్న చీట్లు వేసి సగం మందికే ఇచ్చేవారు. తమ్ముడికి 'వద్దు' అన్న చీటీ వచ్చింది."

"సొంత బిడ్డకి కూడానా?"

"అమ్మ కాళ్లావేళ్లా పడింది. 'మనవాడికో న్యాయం, ఊళ్లో పిల్లలకో న్యాయమా?' అన్నారు నాన్న. మూడోరోజుకి వాడు పోయాడు. తర్వాత పట్టిక రాయడానికి కూర్చుంటే, ఆ ఒక్క వరుసకీ నాన్నకి చెయ్యి రాలేదు."

"తర్వాతి వ్యాసాలన్నిట్లో అందరికీ మందిచ్చారమ్మా. చీట్ల ఊసే లేదు. ఎందుకా అనుకున్నాను."

ఆమె కిటికీ వైపు తిరిగింది. ముసలాయన పెన్సిల్ మళ్లీ తీసుకుని, గొంతు తగ్గించి అడిగాడు.

"మరి, మొత్తం పదమూడని దిద్దమంటారా?"

"వద్దండీ. లెక్కలోనైనా ఉండనివ్వండి వాణ్ణి."