గడ్డి దుడ్డె

తప్పులుంటే మన్నించండి. యాభై దాటాక అక్షరాలు నేర్చుకున్నాను, ఒత్తులు ఇంకా తడబడతాయి, రాయడమూ నిదానమే. డెబ్బై ఆరులో గౌలిపురలో పాలవాళ్ల పక్క గదిలో ఉండేదాన్ని. వదినా ఆడబిడ్డా బర్రెల్ని పితుకుతూ మాట్లాడుకున్నది గోడ ఇవతల నుంచి విన్నాను. జ్వరంతో మంచం పట్టి, అది తగ్గినా లేవని వదిన భర్త ఆ పొద్దునే లేచి నిలబడ్డాడు.

"వదినె, అన్నకు తాపింది దర్గా నీళ్లు కాదు. నువ్వు నల్ల తిప్పి సీసా నింపంగ చూసిన."

"చూస్తే చూసినవ్. అసలు సీసా బస్సుల పగిలింది."

"వాడకట్టంత మహిమ మహిమ అంటుండ్రు. నేను అన్నకు చెప్త."

"చెప్పినవంటే మళ్ల మంచమెక్కుతడు. పిల్లా, నీ బర్రె ముందట నిలబెట్టింది ఏంది?"

"దీనికి పుట్టి చచ్చిన దుడ్డె తోలు. లోపల గడ్డి కూరినం."

"మరి పాలు చేపిందా?"

"చెంబు నిండింది."

"పాలల్ల గడ్డి ఉన్నదా?"

"గడ్డెందుకుంటది! పాలు బర్రెయి."

"లేచిన సత్తువ గూడ మీ అన్నదే. దేవుడు దర్గల ఇచ్చిండో, నల్లల ఇచ్చిండో, నాకేం ఫికర్?"

"మాటలు మస్తు నేర్చినవ్. బర్రెకైతే తెల్వదు. అన్న మనిషి."

"బర్రెకు తెల్వదా? వాసన చూడలే? చూసినంక గూడ నాకుతనే ఉన్నది."



"అంటే, అన్నకు గూడ..."

"మొదటి గుక్కకే 'నల్లనీళ్ల వాసనొస్తుందే' అన్నడు. గ్లాసంత తాగి లేసిండు."

— ఆగమ్మ, డెబ్బై ఒక్క ఏళ్లు. ఇప్పుడు జల్‌పల్లిలో ఉంటున్నాను.