గ్రేస్ అర్జీ మీద సంతకం

కోర్టు వరండా. తండ్రి యూనివర్సిటీ పరీక్షల విభాగంలో మార్కులు ఎక్కించే గుమాస్తా. కూతురు ఆ యూనివర్సిటీ మీదే కేసు వేసింది, ఆఖరి ఏడాది పేపర్లో పాసవ్వడానికి తగ్గిన రెండు మార్కులు గ్రేస్‌గా కలపమని. మధ్యాహ్నం ఒంటిగంట దాటినా వాళ్ల కేసుకి ఇంకా పిలుపు రాలేదు.

"యూనివర్సిటీ కోర్టుకిచ్చిన జవాబు మళ్లీ చదువు నాన్నా. నా కళ్లే తప్పు చదువుతున్నాయేమో."

"చదివానమ్మా."

"పైకి చదువు."

"'పిటిషనర్ మొదటి ఏడాదిలోనే గ్రేస్ మార్కులు వాడుకున్నారు. కోర్సు మొత్తానికి ఒక్కసారే ఇస్తాం కనుక...' అంతే. మిగతాదంతా మామూలే."

"మామూలా! నేనెప్పుడు వాడుకున్నాను? గ్రేస్ కావాలన్న అర్జీ కూడా జతచేశారు చూడు. నా పేరు, నా నంబరు, నా సంతకం! దొంగ వెధవలు. ఓడిపోతామని తెలిసి పన్నాగం పన్నారు. ఆ సంతకం గీకినవాణ్ణి జైలుకి పంపేదాకా నేను నిద్రపోను."

"అరవకు. అందరూ చూస్తున్నారు."

"చూడనీ. సోమవారంలోగా పట్టా చూపించకపోతే ఆ ఉద్యోగం ఇంకొకరికి ఇచ్చేస్తారు. చెప్పులరిగేలా తిరిగి తెచ్చుకున్న ఉద్యోగం! నీకు చీమ కుట్టినట్టయినా లేదేం?"

"మొదట్నించీ చెప్తూనే ఉన్నాగా, కేసు వద్దని. మళ్లీ పరీక్ష రాసుకోమని."

"నీ పైవాళ్లంటే నీకు భయం, అందుకంటున్నావనుకున్నా. అదేంటి, అలా చెమటలు పడుతున్నాయి? మంచినీళ్లు తేనా?"

"వద్దు. కూర్చో. ఆ సంతకం..."

"ఆఁ, ఆ సంతకం?"

"అచ్చం నీ సంతకంలాగే ఉంది కదూ."

"ఉంది. అదే నాకూ అంతుపట్టట్లేదు. ఆ ఆఫీసులో నా సంతకం ఎవరికి తెలుసు? నీకు తప్ప..."

"కాగితాలిలా ఇవ్వు, మడతపెడతా."

"నాన్నా."

"లాయరమ్మ ఎక్కడుందో చూసొస్తా..."

"నాన్నా, నా మొహం చూసి చెప్పు."

"నీకోసమే చేశానే. మొదటి ఏడాది మార్కుల పట్టీ నా బల్లమీదికే వచ్చింది. నీకు ముప్పై ఎనిమిది. పాసవ్వాలంటే నలభై. ఫెయిలైతే చదువు మానేస్తానని ముందురోజే కంచం ముందు కూర్చుని ఏడ్చావు. అర్జీకేమో అదే ఆఖరి రోజు. నాకు కాళ్లూ చేతులూ ఆడలేదు. నీ పేరుతో నేనే సంతకం పెట్టేశా."

"నాకొక్క మాట చెప్పకుండా?"

"చెప్తే ఒప్పుకునేదానివా?"

"చచ్చినా ఒప్పుకునేదాన్ని కాదు! పోనీ, తర్వాత చెప్పొచ్చుగా? కేసు వేసేటప్పుడైనా? 'గ్రేస్ ఎప్పుడైనా వాడుకున్నావా' అని లాయర్ మేడమ్ అడిగితే లేదని ఒట్టేశాను నేను. నువ్వు పక్కనే కూర్చుని తలూపావు!"

"పాత కాగితం, ఎవరు తవ్వుతారులే అనుకున్నా."

"సరే. సరేలే. నేను ఫెయిలయ్యాను, నువ్వు గట్టెక్కించావు. కన్నకూతురు కదా అని చేశావు. ఏం చేస్తాం."

"అది కాదమ్మా..."

"ఇంకా ఉందా?"

"వారం తర్వాత సవరణ పట్టీ వచ్చింది. దిద్దినాయన ఆఖరి పేజీ మార్కులు కలపడం మర్చిపోయాట్ట. కలిపితే..."

"కలిపితే?"

"నలభై నాలుగు."

"నా మార్కుల కాగితంలో నలభయ్యే ఉంది."

"నలభై నాలుగు ఎక్కిస్తే, పాసైన పిల్లకి గ్రేస్ ఎందుకిచ్చారని అర్జీ బయటికి తీస్తారు. సంతకం ఎవరిదని కూపీ లాగుతారు. అందుకని... ఎక్కించలేదు."

"నలభయ్యే వచ్చిందని వారంరోజులు మంచం దిగలేదు నేను. 'పోనీలే తల్లీ, పాసయ్యావుగా' అని నా తల నిమిరావు. అప్పటికి నీకు తెలుసా?"

"అదీ..."

"తెలుసా, తెలీదా?"

"తెలుసు."

"ఛీ! ఆ సవరణ పట్టీ ఎక్కడుంది?"

"ఆఫీసులో, నా బీరువాలోనే. చింపబుద్ధి కాలేదు."

"అది చూపిస్తే గ్రేస్ నాకు అక్కర్లేకుండానే పడిందని తేలిపోతుంది. ఇప్పటి రెండు మార్కులూ ఇవ్వక తప్పదు వాళ్లకి. నేను గెలుస్తాను."

"గెలుస్తావు. నేను పోతాను. రెండు నెలల్లో రిటైరవుతున్నానే! నా మాట విను. సంతకం నీదేనని చెప్పెయ్. మర్చిపోయానను. మళ్లీ పరీక్ష రాద్దువుగాని, ఫీజు నేను కడతా."

"ఈసారి పరీక్ష కూడా నువ్వే రాసేస్తావా?"

"నీకు దణ్ణం పెడతా తల్లీ. చిన్న అబద్ధం..."

"అమ్మాయ్, మన కేసు పిలిచారు, త్వరగా రా! జడ్జిగారు ఒక్కటే అడుగుతారు, ఆ సంతకం నీదా కాదా అని."

"వస్తున్నా మేడమ్. నాది కాదు. ఈయన పెట్టారు. అసలు మార్కుల పట్టీ కూడా ఈయన బీరువాలోనే ఉంది. ఈయన్నీ లోపలికి పిలిపించండి."