సమ్మెటవ్వ మాట

ఎవరూ, మా వదినా? సినిమా ఆఫీసు సంగతేనా నువ్వడిగేది? ఆ కుర్చీ వద్దమ్మాయ్, కాలు ఊగుతుంది, మంచం మీద కూర్చో. మీ పెద్ద నానమ్మ ఫిలిం సంస్థకి డైరెక్టరంటే, మా ఇంట్లో చాలామంది ఆవిడే సినిమాలు తీస్తుందనుకున్నారు. మా మేనత్తయితే "మావాడికి హీరో వేషం ఇప్పించవేమే?" అని ఒకటే సాధింపు. నా మొహానికి హీరో వేషం! ఆఁ, ఎక్కడున్నాను? సినిమాలు తీసేవాళ్ళకి సాయం చేయడం ఆవిడ పని. అదీ ఎవరికి? తెరమీద ఎప్పుడూ గుంపులో వెనక నిలబడేవాళ్ళకి. క్వారీలో రాళ్ళు కొట్టే ఆడవాళ్ళకి కెమెరా ఇప్పించి, నేర్పించి, "మీ కథ మీరే తీసుకోండి" అంది. తీశారు. నన్నూ తీసుకెళ్ళి చూపించింది. సగం మాటలు అర్థం కాలేదు గానీ రెప్ప వేస్తే ఒట్టు. అందులో సమ్మెటవ్వని ఒక ముసలామె, పోయిన కూతురి గురించి చెబుతుంది. మధ్యలో దగ్గు. దగ్గు తగ్గాక నవ్వు. అదేం నవ్వమ్మా, అది.

ఆ సంస్థ ఛైర్మనూ చూశాడు. చూసి గొంతు సవరించుకుని, "విషయం బ్రహ్మాండం మేడమ్. కానీ ఈ యాస జనానికి ఎక్కదు. మంచి గొంతులతో డబ్బింగ్ చెప్పిద్దాం. ఆ దగ్గులవీ తీసేద్దాం" అన్నాడు. వదిన నెలల తరబడి పోట్లాడింది. చివరికి, డబ్బింగైనా చెప్పించు, లేదా డబ్బాలో పెట్టి మూతెయ్యి అన్నారు పైవాళ్ళు. క్వారీకి వెళ్ళి వాళ్ళనే అడిగింది. "ముందు మా మొహాలు చూడనీ తల్లీ. మాటలదేముంది, మళ్ళీ చెబుతాం" అంది అవ్వ. సరేనని, వాళ్ళ అసలు గొంతులున్న టేపుల్ని ఆఫీసు స్టోర్‌లో భద్రంగా పెట్టించింది.

మొదటి ఆటకి అందరూ లారీలో వచ్చారు. తెరమీద అవ్వ నోరు తెరిచింది. ఎవరో పంతులమ్మ గొంతు, తేనె పూసినట్టు! ఆడవాళ్ళంతా గొల్లుమన్నారు. అవ్వా నవ్వింది. "ఎవతే అది, నాకంత చదువెప్పుడొచ్చిందే?" అని. కూతురి ముచ్చట వచ్చేసరికి నవ్వలేదు. లేచి, అందరి మోకాళ్ళూ తప్పించుకుంటూ బయటికి వెళ్ళిపోయింది. వదిన వెనకే పరుగు. "అవ్వా, నీ మాట నా దగ్గరుంది. దాంతోనే మళ్ళీ వేయిస్తాను." "వేయించు, ఉంటే వింటాను" అంది. ఉండలేదులే. ఊపిరితిత్తుల నిండా రాతిపొడి.

వదిన స్టోర్‌కి వెళితే, అక్కడాయన సంతోషంగా, "అవి చెరిపేశాం కదా మేడమ్! టేపులు దొరకట్లేదని ఛైర్మన్ గారి ఉపన్యాసాలు ఎక్కించాం" అన్నాడట. ఆ సాయంత్రం ఇంటికొచ్చి చెప్పులైనా విప్పకుండా వంటింట్లో నిలబడిపోయింది.  ఉద్యోగం మానేసిందా? లేదు, చేసింది, రిటైరయ్యేదాకా. కానీ ఇంకెవరికీ కెమెరా ఇవ్వలేదు, మాటా ఇవ్వలేదు. వయసు మీద పడ్డాక ఆ సినిమా పెట్టుకుని, సౌండు తీసేసి, పెదాలు చూస్తూ తనే ఒక్కొక్కళ్ళ మాటా చెప్పేది. అవ్వ కూతురి ముచ్చట దగ్గరికొచ్చేసరికి ఆగిపోయేది. "ఏమయ్యా, ఇక్కడేమంది? నువ్వూ విన్నావుగా?" అని నన్నడిగేది. విన్నాను. పక్కనే కూర్చుని విన్నాను. ఆ దగ్గు తప్ప నాకేమీ...

నువ్వు భోంచేశావా?