తాడు మీద మబ్బుపిల్లి

గాలిలో తేలే రెండు దీవులను కలిపి కట్టిన తాడు మీద మబ్బుపిల్లి ఒళ్లు మరిచి నిద్రపోతోంది. తాడుకు ఈ కొసన ఒకావిడ, ఆ కొసన ఒకావిడ.

"వదినా, ఆ ముడి విప్పెయ్! గాలి ఎటు తోస్తే అటు పోతాను."

"పిల్లి పడుకున్న తాడు విప్పకూడదు. లేకపోతే నేనెప్పుడో విప్పేదాన్ని."

"మొన్నా పడుకుంది, నిన్నా పడుకుంది! ఆకాశంలో ఇన్ని తాళ్లుంటే ఆ మబ్బుపిల్లికి మనదే దొరికిందా?"

"నీ అరుపులకి కూడా లేవట్లేదంటే దానికి చెవుడేమో పాపం."

"మాట మార్చకు! నా మేకల్ని దొంగముండలన్నాక నీతో కలిసి ఎలా ఉండను?"

"నా ఇంటి కప్పు మేసేస్తే హారతివ్వాలా?"

"అదేంటి, లేచి తాడు నాకుతోంది? నిజం చెప్పు, మీగడ పూశావా?"

"మొదటిరోజు ఒక్కసారే పూశానే! అది కాస్తా వాన కడిగేసింది."

"అంతా చూశాను, నీ నోట చెప్పిద్దామనే అడిగా. వాన కడిగేసిందనే ఆ మర్నాటి నుంచీ నేను పూస్తున్నా."

"మరి విప్పు విప్పు అని రోజూ ఆ గోలేంటి?"

"అరవకపోతే నీకు లోకువైపోనూ! సరేగానీ, నా మేకలు ఒట్టిపోయాయి. రేపటికి నీ దగ్గర కాస్త మీగడుందా?"