మాడిన అన్నం సీను

"ఇంకోసారి చెప్పు. ఈసారి నేలచూపులు చూడకు."

షాంఘైలో 1957 ఎండాకాలం. వంటింట్లో పిండి రేకుల్లో మాంసం కూరి మడుస్తోంది పేయ్‌వెన్. ఆమె ఎదుట నిలబడి, సినిమా దర్శకుడైన భర్త షెన్, మర్నాడు స్టూడియో మీటింగులో ఒప్పుకోవలసిన తప్పును వల్లె వేస్తున్నాడు.

"కామ్రేడ్స్, నా సినిమాలో పెళ్లి సీను మన నాయకుల్ని వెక్కిరించింది. అది నా తప్పు."

"ఎందుకు తప్పు?"

"ఎందుకంటే... మధ్యలో అడ్డం రాకు!"

"రేపు వాళ్లు అడ్డం రారా?"

"అందులో మేనేజరు పెళ్లిలో ఉపన్యాసమిస్తూ 'చివరిగా ఒక్క మాట' అంటాడు, మళ్లీ మొదలెడతాడు. పెళ్లికూతురు కునుకు తీస్తుంది, అన్నం మాడిపోతుంది. హాలంతా నవ్వింది. మా స్టూడియో పార్టీ సెక్రటరీ కాంగ్ ఒక్కడే నవ్వలేదు. అది తన మీదే అంటాడు."

"ఆయనా అలాగే మాట్లాడతాడా?"

"నన్ను తిడుతూ 'చివరిగా ఒక్క మాట' అని ఎన్నిసార్లు అన్నాడో!"

"నవ్వు ఎలా ఆపుకున్నావయ్యా?"

"వేళాకోళం కాదు. ఒప్పుకోకపోతే ఇంక కెమెరా ముట్టనివ్వరు. పొలం పనికి పంపేస్తారు."

"ఒప్పుకుంటే?"

"ఆ సీను కత్తిరిస్తారు. ఇంకో సినిమా ఇస్తారు."

"ఎలాంటిది? ఎవరూ నవ్వనిదా?"

"పేయ్‌వెన్..."

"జపాన్ వాళ్లు చెప్పిన సినిమా తియ్యనని యుద్ధమంతా పాత పుస్తకాలు అమ్ముకుని బతికావు. ఆ షెన్ ఏడి?"

"అప్పుడు నేనొక్కణ్ణే."

"ఇప్పుడు?"

"ఏం లేదు. నీళ్లు మరుగుతున్నాయి, చూడు."

"మరగనీ. ఇప్పుడేంటి?"

"ఆ మేనేజరు ఎక్కణ్ణుంచి వచ్చాడు, నీకెవరు నేర్పారు అని అడుగుతున్నారు. నేనే కల్పించానంటే అక్కడితో పోతుంది."

"కల్పించావా? మా మిల్లు మేనేజరులా నేనిక్కడ నిలబడి నటించి చూపిస్తే, పొట్ట పట్టుకుని నవ్వి మరీ రాసుకున్నావు!"

"మెల్లిగా! పక్కవాళ్లు వింటారు."

"విననీ."

"నీ పేరు మాత్రం నా నోట రాదు. ఏం చేసినా రాదు."

"రానక్కర్లేదు. పొద్దున కాంగ్ గదికెళ్లి, ఆ మాటలన్నీ నావేనని చెప్పి, నటించి కూడా చూపించి వచ్చాను. తలుపు తెరిచే ఉంది, గుమస్తాలంతా నవ్వారు. రేపు మీటింగులో నిలబడేది నేను. నువ్వు కూర్చుని విను."