చేపల క్లబ్బు వాళ్ళం

ఆఁ సోతా, వినపడుతోందా? ఇప్పుడే బారు తలుపు తీశా, వెనకాల చప్పుళ్ళొస్తే ఏమనుకోకు. వార్డు ఆఫీసులో నీకూ మీవాడికీ జంటని సర్టిఫికెట్టిచ్చారని ఫోటో పెట్టావు చూడు, అది చూడగానే నాకు హిరోమిత్సు గుర్తొచ్చాడ్రా. నువ్వెరగవులే, అప్పటికి పుట్టనేలేదు. మన షింజుకు సందులోనే, ఈ బార్లోనే, ఆ మూల స్టూలు మీద కూచునేవాడు. వాడూ యసుహికో పధ్నాలుగేళ్ళు ఒకే గదిలో కాపురం. నీగాతాలో, వాళ్ళ సొంతూళ్ళో, ఇంట్లో మాత్రం "అద్దె కలిసొస్తుందని స్నేహితుడితో ఉంటున్నా" అని చెప్పేవాడు. అప్పట్లో మా అందరిదీ అదే పాట. ఏం చెప్తున్నా? ఆఁ, హిరోమిత్సు గుండె ఆగి పోయాడు పాపం, నలభై దాటాయో లేదో. వాళ్ళన్నయ్య వచ్చి శవాన్ని ఊరికి తీసుకుపోయాడు. యసుహికోతో ఒక్కటే మాట, "వాడి సామాను సర్ది పెట్టండి" అని. ఆ సాయంత్రం యసుహికో వచ్చి నన్నేమడిగాడో తెలుసా? "దహనమయ్యాక ఎముకలెత్తుతారుగా, ఒక్కటి, ఒక్కటంటే ఒక్కటి నన్ను ఎత్తనిస్తారా?" అని. అది ఇంటివాళ్ళ పనాయె.

సరే, దహనానికి యసుహికోతో కలిపి ఐదుగురం నల్ల సూట్లేసుకుని రైలెక్కాం. నేనైతే గోళ్ళరంగు రైల్లోనే గీక్కున్నా. ఎవరని అడిగితే "చేపల క్లబ్బు వాళ్ళం" అనాలని మా ఒప్పందం. హిరోమిత్సు వాళ్ళమ్మ, ఇంతే ఉంటుందిలే మనిషి, "మావాడు పడవెక్కితేనే వాంతి చేసుకునేవాడే, చేపలెక్కడ పట్టాడయ్యా?" అంది. మా తొషియాగాడు ఊరుకోవచ్చుగా, "గట్టు మీంచేనండీ" అన్నాడు. చచ్చాంరా అనుకున్నా. ఆవిడ మమ్మల్ని ఒక్కొక్కళ్ళనీ ఎగాదిగా చూసింది. దహనమయ్యాక ఇంటివాళ్ళు లోపలికెళ్ళారు, మేం గుమ్మం దగ్గరే. తెలుసుగా, ఒక్కో ఎముకనీ ఇద్దరు, చెరో జత పుల్లలతో కలిసి పట్టుకుని కుండలో వెయ్యాలి. అంతా అయిపోవస్తుండగా ఆవిడ మా వైపు తిరిగి, "మావాడి చొక్కాలకి గుండీలు కుట్టేదెవరయ్యా?" అంది. మళ్ళీ తనే, "ఏటా కొత్త సంవత్సరానికి వచ్చినప్పుడు చూసేదాన్ని. వాడికి సూదిలో దారం ఎక్కించడమే రాదు. ఎవరూ?" యసుహికో బళ్ళో పిల్లాడిలా చెయ్యెత్తాడు. "అమ్మా, బయటివాళ్ళని..." అని అన్నయ్య ఏదో అనబోతే, "నువ్వుండరా" అని, పుల్లలు తెచ్చి యసుహికో చేతిలో పెట్టింది. "కంఠం ఎముక మిగిలింది. రా నాయనా, అటు నువ్వు పట్టుకో. నా చెయ్యి వణుకుతోంది." అదే కదరా ఆఖర్న, అందరికన్నా దగ్గరివాళ్ళు ఎత్తేది! తీరా చూస్తే, వణుకుతున్నది యసుహికో చెయ్యి. ఆవిడది కదిలితే ఒట్టు. వాడి వణుకు ఆగేదాకా అలాగే పట్టుకుని నిలబడింది...

...ఆఁ, వస్తున్నా, వస్తున్నా! ఐసు బండొచ్చిందిరా, ఉంటా.